గోడలకు చెవులు – ఒక చెక్ సినీ రచయిత కథ

(సంఘ సాహిత్య సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



నెలనెలా మనం ఇక్కడ కూర్చుని డి.ఆర్. బకాయిల గురించీ, మెడికల్ బిల్లుల గురించీ, లైఫ్ సర్టిఫికెట్ల గురించీ మాట్లాడుకుంటాం. అవి మాట్లాడుకోక తప్పదు. కాని ఈసారి కార్యదర్శిగారు నన్ను పిలిచి, "పింఛను ఊసు లేకుండా ఒక అరగంట ఏదైనా చెప్పండి" అన్నారు. అందుకని మిమ్మల్ని కాసేపు దూరదేశానికి తీసుకువెళ్తాను. ఆ దేశం పేరు అప్పట్లో చెకోస్లొవేకియా. 1993 నుంచి అది రెండు దేశాలు. నేను చెప్పబోయే మనిషి యాన్ ప్రొహాస్కా. సినిమాలకు కథలు, స్క్రీన్‌ప్లేలు రాసినవాడు. చెక్ భాషలో "ప్రొహాస్కా" అంటే నడక, షికారు అని అర్థం. డాక్టర్లు మనందరికీ రోజూ రాసిచ్చే మందు అదే గదా!

సినిమా చూసి వచ్చాక మనం హీరో పేరు చెప్పుకుంటాం, పాటలు పాడుకుంటాం, మహా అయితే దర్శకుడి పేరు గుర్తుంచుకుంటాం. కథ ఎవరు రాశారన్నది టైటిల్స్‌లో వచ్చి పోతుంది. ఆఫీసులో నోటు రాసిన గుమాస్తా పేరు ఎవరికి గుర్తుంటుంది? కింద సంతకం చేసిన ఆఫీసరు పేరే నిలుస్తుంది. ఆ విధంగా సినిమా రచయిత మన కులంవాడే. ఈయన కథ మనకు దగ్గరగా అనిపించడానికి ఇంకొక కారణం కూడా ఉంది. అది చివర మనవి చేస్తాను.

ప్రొహాస్కా 1929 ఫిబ్రవరి 4న మొరేవియా ప్రాంతంలోని ఇవాన్‌చిత్సె అనే చిన్న ఊళ్లో పుట్టాడు. ప్రఖ్యాత చిత్రకారుడు అల్ఫోన్స్ ముహా కూడా ఆ ఊరివాడే. ప్రొహాస్కావాళ్లది వ్యవసాయ కుటుంబం. ఆయన చదివింది కూడా వ్యవసాయ విద్యే. పదేళ్లు దాటిన వయసులోనే జర్మన్ల ఆక్రమణనూ, యుద్ధాన్నీ చూశాడు. పదహారేళ్లకు యుద్ధం ముగియడం చూశాడు. 1948లో కమ్యూనిస్టు పార్టీ అధికారానికి వచ్చినప్పుడు ఆయనకు పందొమ్మిదేళ్లు. ఆ వయసు కుర్రవాళ్లు ఎందరో నమ్మినట్టే, ఇక లోకం బాగుపడుతుందని ఆయనా నమ్మాడు. యువజనులు నడిపే ప్రభుత్వ వ్యవసాయ క్షేత్రంలో పనిచేశాడు. తరువాత ప్రాగ్ నగరానికి వచ్చి యువజన సంఘం కేంద్ర కార్యాలయంలో ఉద్యోగం చేశాడు. అంటే బయట నిలబడి ప్రభుత్వాన్ని తిట్టినవాడు కాదు. లోపల బల్ల దగ్గర కూర్చున్నవాడు.

1960లో ఆయన రాసిన చిన్న నవల "పచ్చని దిగంతాలు" అచ్చయింది. దివాలా తీసినట్టున్న ఒక ప్రభుత్వ క్షేత్రానికి కొత్తగా వచ్చిన యువకుడి కథ అది. 1962లో సినిమాగా కూడా వచ్చింది. అప్పటికే, అంటే 1959 నుంచి, ఆయన ప్రాగ్‌లోని బర్రాండోవ్ స్టూడియోలో పనిచేస్తున్నాడు. ఆ దేశంలో సినిమా నిర్మాణం అంతా ప్రభుత్వానిదే. స్టూడియోలో కొన్ని బృందాలుండేవి. ఏ కథ తీయాలి, ఏది మార్చాలి అన్నది ఆ బృందాల్లో మొదట తేలాలి, ఆ తరువాత పైవాళ్ల ఆమోదం కావాలి. ఫైలు కింది నుంచి పైకి నడిచినట్టే స్క్రిప్టు కూడా నడిచేది. ప్రొహాస్కా అటువంటి ఒక బృందానికి నాయకుడయ్యాడు.

అక్కడే ఆయనకు కారెల్ కహిన్యా అనే దర్శకుడు జత కలిశాడు. ఒకరు రాయడం, ఒకరు తీయడం. 1961లో మొదలుపెట్టి పదేళ్లలోపు పదికి దగ్గరగా సినిమాలు కలిసి చేశారు. 1961లో వచ్చిన "వేదన" ఒక అమ్మాయి, ఒక పొగరుబోతు గుర్రం కథ. పిల్లలన్నా, జంతువులన్నా, పల్లెటూళ్లన్నా ఆయన కలానికి ఇష్టం. మాటలు తక్కువగా రాసేవాడు. ముఖం చెప్పగలిగిన చోట నోటితో చెప్పించేవాడు కాదు.

ఆయన పెద్ద సినిమాలు మూడింటి గురించి క్లుప్తంగా చెబుతాను.

మొదటిది 1965లో వచ్చిన "రిపబ్లిక్ వర్ధిల్లాలి". దేశానికి విముక్తి కలిగి ఇరవై ఏళ్లయిన సందర్భంలో వచ్చిన సినిమా. అటువంటి సందర్భంలో ఏం ఆశిస్తారు? జెండాలు, జయజయధ్వానాలు. ప్రొహాస్కా మాత్రం యుద్ధం ముగిసే రోజుల్ని పన్నెండేళ్ల కుర్రవాడి కళ్లతో చూపించాడు. ఆ పిల్లవాడు పొట్టివాడు. ఇంట్లో తండ్రి కొడతాడు, వీధిలో తోటి పిల్లలు కొడతారు. జర్మన్లు పోయి రష్యన్లు వచ్చే సందులో ఊళ్లో పెద్దమనుషులనుకున్నవాళ్లే దొరికింది దొరికినట్టు దోచుకోవడం వాడు చూస్తాడు. విముక్తి వచ్చిన రోజునే ఊరంతా కలిసి ఒక అమాయకుణ్ణి తరిమి ప్రాణం తీసుకునేలా చేయడమూ చూస్తాడు. పేరు వర్ధిల్లాలి అని. లోపల ఉన్నది మన మంచి ఏపాటిదో చూసుకోండి అని.

రెండోది 1966లో వచ్చిన "వియన్నాకు బండి". యుద్ధం ఆఖరి రోజులు. జర్మన్లు ఉరితీసిన ఒకాయన భార్య, పల్లెటూరి రైతు మనిషి. పారిపోతున్న ఇద్దరు సైనికులు ఆమెను బెదిరించి, గుర్రబ్బండి కట్టించి, తమను సరిహద్దు దాకా దింపమంటారు. ఒకడికి గాయమైంది. రెండోవాడు మీసాలు సరిగా రాని కుర్రాడు. బండిలో ఆమె గొడ్డలి దాచుకుంది. వాళ్లను చంపి పగ తీర్చుకోవాలని. అడవిలో ప్రయాణం సాగుతుంది. వాళ్ల ఆయుధాలు ఒక్కొక్కటే తీసి ఆమె దారిలో పారేస్తుంది. కాని ఆ కుర్రాడి వాగుడూ, నవ్వూ వింటూ వింటూ ఆమె పగ నీరుకారిపోతుంది. చివరికి స్వదేశపు పోరాటవీరులు వాళ్లను పట్టుకుని కుర్రాణ్ణి చంపుతారు, ఆమెపై అత్యాచారం చేస్తారు. సినిమా మొత్తంలో ఆమె మాట్లాడేది బహు స్వల్పం. ఇవా యాన్‌జురోవా అనే నటి కళ్లతోనే అంతా చెప్పింది. వీరులంటే పూజించడమే తప్ప ప్రశ్నించకూడని కాలంలో ఇది రాశాడు.

మూడోది 1967లో వచ్చిన "పెళ్లికూతురి రాత్రి". 1950ల మొదట్లో రైతుల భూములను సమష్టి క్షేత్రాల్లో కలిపేస్తున్న రోజులు. మఠాలు మూసేస్తే ఒక సన్యాసిని తండ్రి ఇంటికి తిరిగి వస్తుంది. ఆ రైతు తన పశువులను అప్పగించలేక వాటిని చంపి తానూ చచ్చిపోతాడు. తాను స్వయంగా నమ్మి పనిచేసిన ఉద్యమం పల్లెల్లో ఏం చేసిందో ప్రొహాస్కా దాచకుండా రాశాడు.

ఈ సినిమాలు రాస్తున్నంత కాలం ఆయన ప్రభుత్వానికి శత్రువు కాదని గుర్తుంచుకోవాలి. 1962 నుంచి పార్టీ కేంద్ర కమిటీలో అభ్యర్థి సభ్యుడు. అధ్యక్షుడు నొవొట్నీతో నేరుగా మాట్లాడగలిగిన చనువు ఉండేది. ఆ చనువును అడ్డుపెట్టుకుని సుఖంగా బతకవచ్చు. ఆయన దాన్ని మంచి స్క్రిప్టులకు దారి చేయడానికి వాడాడు. 1967 జూన్‌లో రచయితల నాలుగో మహాసభ జరిగింది. అక్కడ రచయితలు సెన్సారును గట్టిగా తప్పుపట్టారు. ప్రొహాస్కా కూడా వాళ్ల వైపే నిలబడ్డాడు. సెప్టెంబరులో ఆయనను కేంద్ర కమిటీ నుంచి తీసేశారు.

కొన్ని నెలలకే గాలి మారింది. 1968 జనవరిలో డుబ్చెక్ పార్టీ నాయకుడయ్యాడు. ప్రాగ్ వసంతం అని చరిత్రలో పేరు పడిన ఆ రోజుల్లో ప్రొహాస్కా రచయితల సంఘానికి ఉపాధ్యక్షుడు. యువకుల సభల్లో ఆయన మాట్లాడుతున్నాడంటే హాలు నిండిపోయేది. "అందరికోసం రాజకీయం" అనే పేరుతో ఆయన వ్యాసాల పుస్తకం కూడా వచ్చింది. ఆ వసంతం ఎనిమిది నెలలు కూడా నిలవలేదు. ఆగస్టు 20 రాత్రి సోవియట్ నాయకత్వంలోని సేనలు, ట్యాంకులు దేశంలో ప్రవేశించాయి. 1969 ఏప్రిల్‌లో డుబ్చెక్ స్థానంలో హుసాక్ వచ్చాడు.

అప్పుడు ప్రొహాస్కా, కహిన్యా కలిసి ఒక సినిమా తీశారు. పేరు "ఉహొ". అంటే చెవి. మా మనవడు కంప్యూటర్‌లో పెట్టి ఇస్తే రెండుసార్లు చూశాను. మొదటిసారి చూసిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

కథ ఒక్క రాత్రిలో జరుగుతుంది. ఒక డిప్యూటీ మంత్రి, ఆయన భార్య ప్రభుత్వ విందు నుంచి ఇంటికి వస్తారు. భార్య కాస్త ఎక్కువగా తాగి ఉంది. ఆ రోజు వాళ్ల పెళ్లిరోజు. ఆయనకు గుర్తులేదు. గేటు తాళంచెవి కనిపించదు. ఇంట్లో కరెంటు లేదు, ఫోను పలకదు. పక్క ఇళ్లలో దీపాలు వెలుగుతూనే ఉన్నాయి. విందులో ఆయనకు ఒక కబురు తెలిసింది. తన పైమంత్రిని అరెస్టు చేశారు. ఇక తన వంతేనా? విందులో ఎవరెవరు ఎలా చూశారు, ఎవరు చేయి కలిపారు, ఎవరు ముఖం తిప్పుకున్నారు అని ఒక్కొక్కటే నెమరువేసుకుంటాడు. కొవ్వొత్తి వెలుగులో కాగితాలు వెతికి తగలబెడతాడు. భార్యాభర్తలు ఒకరినొకరు నిష్ఠూరాలాడుకుంటారు. ఆ మాటలు మధ్యలో ఆపి, "ఇక్కడ వద్దు, వంటింట్లోకి రా" అన్నట్టు సైగ చేసుకుంటారు. వంటింట్లో, స్నానాల గదిలో "చెవి" ఉండదని వాళ్ల నమ్మకం. తెల్లవారుజామున వెతికి చూస్తే ఇల్లంతా చెవులే. భయం లేదనుకున్న చోటా ఉన్నాయి. ఆయన చచ్చిపోదామనుకుంటే తుపాకీ కూడా ఎవరో తీసేశారు. ఇంతలో ఫోను మోగుతుంది. అరెస్టు వార్త కాదు. ఆయనను మంత్రిని చేశారు! ఆ ప్రమోషను విని భార్య ముఖంలో కనిపించేది సంతోషం కాదు, భయం.

ఉద్యోగం చేసినవాళ్లం గనుక ఈ కథలోని ఒక్కొక్క చూపూ మనకు తెలుసు. ఆఫీసరు ఉదయం నమస్కారానికి బదులు చెప్పకపోతే మధ్యాహ్నం దాకా అన్నం సహించని రోజులు మనకూ ఉన్నాయి. కాన్ఫిడెన్షియల్ రిపోర్టులో ఏం రాశాడో అని సంవత్సరమంతా గుబులు. కాని మనది ఆఫీసుతో సరి. సాయంత్రం ఇంటికి వచ్చి చొక్కా విప్పి కొక్కేనికి తగిలించి, ఆఫీసరును నాలుగు తిట్టి, కాఫీ తాగితే ఆ భారం దిగిపోయేది. ఆ తిట్లు భార్య తప్ప ఎవరూ వినేవారు కారు. వాళ్లకు ఆ కాసింత చోటు కూడా లేకపోయింది.

1970లో పూర్తయిన ఆ సినిమాను వెంటనే బీరువాలో పెట్టి తాళం వేశారు. ఇరవై ఏళ్లు ఎవరూ చూడలేదు.

సినిమాలో ఉన్నది అదే ఏడాది ఆయన జీవితంలోకి వచ్చింది. 1970 ఏప్రిల్‌లో దేశ టెలివిజన్ ఒక కార్యక్రమం వేసింది. ప్రొహాస్కా తన స్నేహితుడైన ప్రొఫెసర్ వాత్స్లావ్ చెర్నీతో ఇంట్లో కూర్చుని చెప్పుకున్న కబుర్లను రహస్య పోలీసులు దొంగచాటుగా రికార్డు చేశారు. వాటిని తమకు కావలసినట్టు కత్తిరించి, అతికించి, దేశమంతటికీ వినిపించారు. ఇద్దరు మిత్రులు తలుపు వేసుకుని మాట్లాడుకుంటే ఎలా ఉంటుంది? ఫలానావాడు పిరికివాడంటారు. ఫలానావాడికి బుర్ర లేదంటారు. మోటు మాటలు దొర్లుతాయి. ఎదురుగా అనని మాటలు అంటారు. నవ్వుకుంటారు. ప్రొహాస్కా కూడా తన స్నేహితుల మీదా, నాయకుల మీదా అటువంటి మాటలే అన్నాడు. "చూశారా, మీరు చప్పట్లు కొట్టిన పెద్దమనిషి అసలు రూపం" అని లోకానికి చూపించడమే ఆ కార్యక్రమం ఉద్దేశం.

మిలన్ కుందేరా అనే ప్రసిద్ధ చెక్ రచయిత దీనిని గురించి రెండు పుస్తకాల్లో ప్రస్తావించాడు. ఆయన చెప్పినదాని సారాంశం ఇది. మొదట్లో ఆ ఎత్తు పారినంత పనయింది. జనం నిజంగానే ప్రొహాస్కాను చూసి ముఖం చిట్లించారు. కాని క్రమంగా వాళ్లకు తెలిసివచ్చింది. ఇంట్లో మనం మాట్లాడే తీరు వేరు, సభలో మాట్లాడే తీరు వేరు. అది మోసం కాదు. అలా రెండు తీరులుండడమే మనిషి బతుకు. సిగ్గుపడవలసింది మాట్లాడినవాడు కాదు, పొంచి విని ఊరంతా చాటినవాడు. ఈ సంగతి జనానికి అర్థమయ్యేసరికి ఆగ్రహం దిశ మారింది.

అది మారేసరికి ఆ మనిషికి సమయం మిగల్లేదు. ఆయనకు క్యాన్సర్ వచ్చింది. టీవీ కార్యక్రమం వల్లే జబ్బు వచ్చిందని నేను అనను. జబ్బుల సంగతి డాక్టర్లకు తెలియాలి. కాని మంచాన పడిన మనిషికి కావలసిన మనశ్శాంతిని మాత్రం దోచుకున్నారు. 1971 ఫిబ్రవరి 20న ప్రాగ్‌లో కన్నుమూశాడు. అప్పటికి ఆయన వయసు నలభై రెండు. మనలో చాలామందికి ఆ వయసులో రెండో ప్రమోషను కూడా రాలేదు.

చివరి రోజుల్లో కూడా ఆయన కలం ఆపలేదు. పోలియో వచ్చి కాళ్లు చచ్చుబడిన ఒక పిల్లవాడు పట్టుదలతో గుర్రం ఎక్కే కథ, ఒక ఆస్ట్రేలియా రచయిత ఆత్మకథ ఆధారంగా, కహిన్యా సినిమాగా తీశాడు. ఆ స్క్రిప్టులో ప్రొహాస్కా చేయి ఉంది. ఆయన పేరు వేయడానికి వీల్లేదు గనుక ఓటా హొఫ్‌మన్ అనే సాటి రచయిత తన పేరు ఇచ్చాడు. నిషేధం ఉన్నవాడికి తన సంతకం అరువివ్వడం ఎంత సాహసమో ఫైళ్ల మీద సంతకాలు చేసిన మనకు వేరే చెప్పనక్కర్లేదు.

ఆయన కుమార్తెలు లెంకా, ఇవా ఇద్దరూ రచయిత్రులయ్యారు. తండ్రి పేరు మోసినందుకు ఆ ఆడపిల్లలూ ఇబ్బందులు పడ్డారు. పౌరహక్కుల కోసం వెలువడిన చార్టర్ 77 పత్రం మీద లెంకా సంతకం చేసింది. పుస్తకాలు అచ్చువేసుకోనివ్వకపోతే ఊడ్చి తుడిచే పనిచేసుకుంటూ రాసుకుంది. ఇవా 1983లో దేశం విడిచి వెళ్లి పిల్లల పుస్తకాలు రాసింది.

1989 నవంబరులో ఆ ప్రభుత్వం కూలింది. బీరువా తాళాలు తెరుచుకున్నాయి. 1990లో "చెవి" సినిమా ఫ్రాన్స్‌లోని కాన్ చలనచిత్రోత్సవంలో పోటీకి వెళ్లింది. రాసినవాడు పోయి అప్పటికి పందొమ్మిదేళ్లు.

ఇదంతా ఎక్కడో జరిగింది, మనకెందుకు అంటారా? మొదట్లో ఒక కారణం దాచుకున్నాను. అది ఇప్పుడు చెబుతాను.

ఈ మధ్య నాకు తెలిసిన ఇద్దరు విశ్రాంత ఉద్యోగులు, నలభై ఏళ్ల స్నేహితులు, మాట్లాడుకోవడం మానేశారు. ఒకాయన తన బంధువుతో ఫోనులో మాట్లాడుతూ రెండో ఆయన గురించి ఏదో చులకనగా అన్నాడు. అవతలి ఫోనులో అది రికార్డయింది. ఒక కుర్రవాడు సరదాకి వాట్సాప్‌లో పెట్టాడు. అక్కడి నుంచి అది పది గ్రూపులు తిరిగి ఆ స్నేహితుడి చెవిన పడింది. పేర్లు అనవసరం. అందరూ మాట్లాడినవాణ్ణి తప్పుపట్టారు. "ఎంత మాట అన్నాడు!" అని. పెట్టినవాణ్ణి ఒక్కరూ అడగలేదు. విని ఇంకొకరికి పంపినవాళ్లు తమను తాము అసలే అడుక్కోలేదు. ప్రాగ్‌లో ఆ పనికి పోలీసు శాఖ కావలసి వచ్చింది. ఇప్పుడు మన జేబులో ఉన్న ఫోను చాలు.

మా సెక్షన్‌లో ఒక సూపరింటెండెంటుగారు ఉండేవారు. తపాలులో ఆకాశరామన్న ఉత్తరం వస్తే, అందులో ఎంత రుచికరమైన సంగతి ఉన్నా సరే, "సంతకం లేని కాగితం మీద నోటు పెట్టకు, నోటితో కూడా పెట్టకు" అనేవారు. "నోటు పెట్టకు" అన్నది రూలు. "నోటితో పెట్టకు" అన్నది ఆయన సంస్కారం. ఆ రెండో సగాన్నే మనం ఇంటికి తెచ్చుకోవాలి.

గోడలకు చెవులుంటాయి, జాగ్రత్తగా మాట్లాడు అని మన పెద్దలు చెప్పారు. అది మాట్లాడేవాడికి చెప్పిన హితవు. ప్రొహాస్కా జీవితం చదివాక వినేవాడికి కూడా ఒక హితవు ఉండాలనిపిస్తుంది. నువ్వు ఆ గోడవు కావద్దు. మనకోసం అనని మాట మన ఫోనులోకి వస్తే, దాన్ని తుడిచేయడానికి ఒక్క వేలు చాలు. అది చేస్తే ఒక స్నేహం నిలుస్తుంది. ఈ సంగతి ఇక్కడున్న మనవలకు, మనవరాండ్రకు మరీ మరీ చెబుతున్నాను. ఫోను నొక్కడం మాకన్నా మీకు బాగా వచ్చు గనుక.

వీలైతే "చెవి" సినిమా చూడండి. నలుపు తెలుపు సినిమా. పాటలు లేవు, ఫైట్లు లేవు. భార్యాభర్తలు కలిసి చూడండి. పెళ్లిరోజు మరచిపోయే అలవాటున్నవాళ్లు తప్పకుండా చూడండి.